ఊరి చెరువు గోడును కలంకారీ గుడ్డకెక్కించడం ఎలా

చెరువు ఆక్రమణ మీద అర్జీ ఇస్తే దస్త్రంలో పడి నిద్రపోతుంది. ఫ్లెక్సీ కడితే తెల్లారేసరికి దానిమీద ఇంకెవరి పుట్టినరోజు ఫ్లెక్సీయో వచ్చి కూర్చుంటుంది. రెండున్నర మీటర్ల కలంకారీ గుడ్డను మాత్రం చుట్టి చంకలో పెట్టుకుని రచ్చబండకీ, సంతకీ, సోమవారం కలెక్టరేట్‌కీ తీసుకుపోవచ్చు. విప్పితే జనం దగ్గరికొచ్చి చూస్తారు. వెదురు కలంతో గుడ్డమీద గీసే శ్రీకాళహస్తి కలంకారీ, కథ చెప్పడానికి కుదిరిన కళ. నడుమ పెద్ద బొమ్మ, చుట్టూ వరసల్లో చిన్న గళ్లు, వాటి కింద తెలుగులో రాత. రామాయణ భారతాలను గుడిలో వేలాడదీయడానికి ఏర్పడిన ఈ అమరికలో తూము, మొరవ (చెరువు నిండాక నీళ్లు పొర్లిపోయే చోటు), పోరంబోకు (సర్కారు భూమి) కథ కూడా అంతే చక్కగా ఇముడుతుంది.

రంగుల గుడ్డకు రాజకీయం కొత్తేమీ కాదు. మన దేశపు అద్దకం గుడ్డలు తమ నేతగాళ్ల పొట్ట కొడుతున్నాయని ఫ్రాన్స్ 1686 నుంచి 1759 దాకా వాటిని నిషేధించింది. ఇంగ్లండు 1700లో దిగుమతికి అడ్డుకట్ట వేసి, 1721లో వాటిని కట్టుకోవడాన్నే నేరం చేసింది. ఆ తర్వాత మిల్లు గుడ్డ వచ్చి ఇక్కడి చేతిపని చితికిపోయింది. స్వాతంత్ర్యోద్యమం నుంచి వచ్చిన కమలాదేవి ఛటోపాధ్యాయ చొరవతో 1950ల చివర్లో శ్రీకాళహస్తిలో శిక్షణ కేంద్రం మొదలైంది. ఇవాళ మనకు ఈ కలం అందుబాటులో ఉందంటే అందులో ఆ పూనిక పాలు చాలా ఉంది.

మొదటి రోజు రెండు పనులు

మొదటిది కాగితం పని. చెరువు సర్వే నంబరు, విస్తీర్ణం, ఎఫ్‌ఎంబీ పటం (భూమి హద్దుల కొలతల పటం), అడంగల్ (ఊరి భూముల లెక్క) నకలు కోరుతూ తహసీల్దారు కార్యాలయంలో సమాచార హక్కు దరఖాస్తు పెట్టండి. చట్టప్రకారం 30 రోజుల్లో జవాబు రావాలి. రెండోది కసిమి. అదే మన నల్లరంగు. మట్టికుండలో 2 లీటర్ల నీళ్లు, పావుకిలో బెల్లం, 100 గ్రాముల తాటిబెల్లం, అరకిలో తుప్పుపట్టిన ఇనుప ముక్కలు వేసి, మూతికి గుడ్డ కట్టి నీడలో పెట్టండి. మూడు నాలుగు రోజులకొకసారి కర్రతో కలపాలి. 21 రోజులకు పులిసి సిద్ధమవుతుంది. కాగితమూ కసిమీ దాదాపు ఒకేసారి చేతికొస్తాయి. రుజువు రాకముందే బొమ్మ మొదలుపెడితే తర్వాత చెరిపే దారి లేదు, ఎందుకంటే కసిమి పడిన చోట అది పోదు.

ఈ పని జనవరి నుంచి మే లోపల పెట్టుకోండి. అక్టోబరు నుంచి డిసెంబరు దాకా మన దగ్గర ముసురు పడుతుంది. ఎండ లేకపోతే గుడ్డ చలవ కాదు (తెల్లబడదు), రంగు తేలదు.

ఆ మూడు వారాలూ మాటలు పోగెయ్యండి. ఆయకట్టు కింద సేద్యం చేసిన ముసలివాళ్లను, చేపలు పట్టేవాళ్లను, గొర్రెలు తోలేవాళ్లను, పొలం లేని కూలీలను విడివిడిగా అడగండి. పదిమందిలో అడిగితే పెద్దరైతు ఒక్కడే మాట్లాడతాడు, మిగతావాళ్లు తలూపుతారు. చెరువు పోయినందుకు ఎక్కువ నష్టపోయింది పట్టా భూమి లేనివాళ్లే అయివుంటారు, వాళ్ల మాట అర్జీలో ఎక్కడా కనిపించదు. గుడ్డమీద కనిపించాలి.

గళ్లు పంచుకోవడం

వెడల్పు 110 సెంటీమీటర్లు, పొడవు రెండున్నర మీటర్లు అనుకుంటే నడుమ ఒక పెద్ద బొమ్మ, చుట్టూ ఎనిమిది గళ్లు సరిపోతాయి. పన్నెండు పెడితే దూరం నుంచి అంతా చీమల బారులా ఉంటుంది. నడుమ నిండు చెరువు: కట్ట, తూము, మొరవ పోతున్న నీళ్లు. చుట్టూ వరసగా కట్ట తవ్వినవాళ్లు, నీరుగంటి మడులకు నీళ్లు పంచడం, పంట, కంప పెరిగిన కాలువ, మట్టి ఎత్తుకుపోయే టిప్పర్లు, హద్దురాళ్లు, ఎండిన బోరు, చివరిది ఖాళీ. ఆ ఖాళీ గడి సంగతి ఆఖర్న చెబుతాం.

ప్రతి గడి కింద రాత అయిదారు మాటలు దాటకూడదు. అక్షరం కనీసం అంగుళం ఎత్తు ఉంటే పదడుగుల దూరం నుంచి హాయిగా చదవొచ్చు. రాత ఊరివాళ్ల నోటిమాటలోనే ఉండాలి. “భూగర్భ జలమట్టం క్షీణించినది” అని రాస్తే ఎవరూ ఆగి చదవరు. “వెయ్యడుగులు తోడినా దుమ్మే లేచింది” అంటే ముసలామె కూడా చదివించుకుంటుంది.

ఆక్రమించినవాణ్ణి ఎలా గీయాలన్న దగ్గరే చాలామంది తప్పు చేస్తారు. కాళహస్తి సంప్రదాయంలో దేవుళ్లకు నీలం, ఆడవాళ్లకు పసుపు, రాక్షసులకు ఎరుపూ ఆకుపచ్చా. చెయ్యి తనంతట తానే ఎదుటివాడికి కోరలు పెట్టేస్తుంది. పెట్టొద్దు. కోరలు చూసినవాడు ఇది పురాణం అనుకుంటాడు, లేదా కులాన్ని తిట్టారనుకుంటాడు. రెండింటిలోనూ సర్వే నంబరు మరుగున పడుతుంది. ముఖం లేకుండా చెయ్యి మాత్రం గీయండి, ఆ చేతిలో కాగితం పెట్టండి. తిరుపతి గంగమ్మ జాతరలో అమ్మవారు వేషాలు మారుస్తూ వెతికి, దొర వేషంలో పాలెగాడి తల తీసిందని ఏటా వీధుల్లో ఆడతారు. ఆ పాలెగాడి స్థానంలో ఎవరిని ఊహించుకోవాలో చూసేవాళ్లకు ఎవరూ చెప్పనక్కర్లేదు. ముఖంలేని చెయ్యి కూడా అలాగే పనిచేస్తుంది.

నీలాన్ని నీళ్లకు ఒక్కదానికే ఉంచండి. మనుషులందరికీ, మగా ఆడా తేడా లేకుండా, ఒకే పసుపు. నడిమి బొమ్మలో చెరువు నిండా నీలం ఉండి, చుట్టూ గళ్లలో తగ్గుతూ పోయి, చివరి రెండు గళ్లలో ఉత్త గుడ్డే కనిపించాలి. కథ సగం ఆ రంగే చెబుతుంది. పార్టీ రంగులు, జెండాలు, గుర్తులు ఏ మూలా రానివ్వద్దు. ఒక జెండా కనిపిస్తే సగం ఊరు అక్కడినుంచే వెనక్కి తిరుగుతుంది.

గుడ్డ సిద్ధం చేయడం

చలవ చేయని ముతక నూలు గుడ్డ కావాలి, గాడా అంటారు. పాలిస్టర్ కలిసిన గుడ్డ పనికిరాదు. ఒక పోగు లాగి కాల్చి చూడండి: నూలు బూడిదవుతుంది, పాలిస్టర్ ఉండకడుతుంది. రాత్రంతా నానబెట్టి, గంజి పోయేదాకా బండమీద బాది ఉతకండి. గంజి మిగిలిన చోట రంగు పట్టక మచ్చలు పడతాయి.

ఈ కొలత గుడ్డకు 80 నుంచి 100 గ్రాముల కరక్కాయ పొడి, అరలీటరు పచ్చి గేదెపాలు, అరలీటరు నీళ్లు. పొడి ఉండలు లేకుండా కలిపి, వడకట్టి, గుడ్డను ముంచి పావుగంట పిసకండి. గట్టిగా పిండి, ముడతల్లేకుండా ఎండలో పరవండి. కరక్కాయలోని వగరు ఇనుముతో కలిస్తేనే నలుపు పుడుతుంది. పాలలోని వెన్న రంగు పాకకుండా ఆపుతుంది. అందుకే ప్యాకెట్లో వచ్చే టోన్డ్ పాలు వాడితే గీత బొంతపురుగులా నూగుదేలి పాకిపోతుంది. ఎండకు ఎదురుగా ఉన్న వైపు పసుపు ఎక్కువ తేలుతుంది, గీయాల్సింది ఆ వైపే. ఇలా సిద్ధం చేసిన గుడ్డను వారంలోపు వాడేయండి, లేకపోతే పాల వాసనకు పురుగు చేరుతుంది.

కలం, బొగ్గు, కసిమి

జానెడు వెదురుపుల్లను మొనదేల్చి, మొనకు అంగుళం పైన కంబళి ముక్క చుట్టి, నూలుదారంతో బిగించండి. కంబళి రంగును పీల్చుకుంటుంది, వేళ్లతో నొక్కినకొద్దీ మొనకు దిగుతుంది. గీతకు సన్నమొన, నింపడానికి మొద్దుమొన, రెండూ కావాలి. దారం వదులైతే చుక్కలు రాలతాయి. ముందు పాతగుడ్డమీద అరగంట చెయ్యి తిప్పుకోండి.

చింతపుల్లల బొగ్గుతో బొమ్మంతా పలచగా గీసుకోండి. బొగ్గు ఉతుకులో పోతుంది కాబట్టి తప్పులన్నీ ఇక్కడే దిద్దుకోవాలి. రాతలోని ఒత్తులు, దీర్ఘాలు ఇద్దరు వేరువేరుగా చదివి చూడాలి. తర్వాత కసిమిని వడకట్టి కలంతో గీయండి. కలం నుంచి దిగేటప్పుడు లేత గోధుమరంగులో ఉండి, గుడ్డను తాకిన కాసేపట్లో నల్లబడుతుంది. బూడిదరంగు దగ్గరే ఆగితే కసిమి పులియడం చాలలేదన్నమాట, ఇంకో నాలుగు రోజులు ఆగండి. మరీ చిక్కగా పట్టిస్తే ఇంకో ముప్పుంది: ఇనుము నూలును తినేస్తుంది, కొన్నేళ్లకు ఆ గీతల వెంబడే గుడ్డ చిరుగుతుంది. పెద్ద జాగాలను నలుపుతో నింపొద్దని చెప్పేది ఇందుకే. టిప్పరునైనా గీతలతోనే చూపించండి.

ఎరుపు, చలవ, పసుపు, నీలం

హద్దురాళ్లు, కట్ట మట్టి, చేతిలోని కాగితం ఎరుపు. లీటరు వేడినీళ్లలో 100 గ్రాముల పటిక కరిగించి, చల్లార్చి, ఎరుపు రావాల్సిన చోట మాత్రమే పూయండి. ఒకరోజు ఆరనిచ్చి పారే నీళ్లలో జాడించాలి. నిలవ నీళ్లలో ముంచితే మిగులు పటిక పక్క గళ్లకు అంటుకుని అక్కడ కూడా ఎరుపెక్కుతుంది. కాళహస్తి పక్కన పారే స్వర్ణముఖి నదిలో నీళ్లు లేని రోజుల్లో తొట్టికి పైపు పెట్టి పొర్లించండి. బోరు నీళ్లలో ఇనుముందేమో ముందే చూసుకోవాలి. గ్లాసు నీళ్లలో చిటికెడు కరక్కాయ పొడి వెయ్యండి, నల్లబారితే ఆ నీళ్లు ఎరుపును చంపేస్తాయి.

గుడ్డ బరువులో సగం మంజిష్ఠ (ఎర్రరంగునిచ్చే వేరు) పొడి తీసుకుని, రాగి లేదా స్టీలు పాత్రలో గుడ్డతోపాటు గోరువెచ్చగా మొదలుపెట్టి గంటసేపు నెమ్మదిగా వేడి పెంచండి. మంజిష్ఠ తెర్లితే ఎరుపు ఇటుకరంగుకు దిగిపోతుంది. ఇనుప పాత్ర జోలికి పోవద్దు. కర్రతో కలుపుతూనే ఉండాలి, ముడతలో ఇరుక్కున్న చోట పట్టె పడుతుంది.

దించాక గుడ్డంతా మురికి గులాబీరంగులో ఉంటుంది. కంగారు పడొద్దు. మేకపెంటిక కలిపిన నీళ్లలో రాత్రంతా నానబెట్టి, ఉతికి, ఎండలో పరిచి ఆరకుండా నీళ్లు చల్లుతూ ఉండండి. రెండు మూడు రోజుల్లో పటిక పూయని చోట్ల తెలుపు బయటపడుతుంది. చాలామంది ఇక్కడే విసిగి బ్లీచింగ్ పౌడరు వేస్తారు, దాంతో ఎరుపూ పోతుంది, గుడ్డ బలమూ పోతుంది.

మళ్లీ ఒకసారి పాలలో ముంచి ఆరబెట్టి పసుపు పూయండి. దానిమ్మ తొక్కలు 100 గ్రాములు లీటరు నీళ్లలో సగానికి మరిగించి, చెంచాడు పటిక కలిపితే చాలు. నీలిమందు కట్టడం వేరే విద్య, తెలిసినవాళ్ల దగ్గర సిద్ధం చేసింది తెచ్చుకోవడం మేలు. చివర్లో ఒకే ఒక్క జాడింపు, నీడలో ఆరబెట్టడం.

బొమ్మ గీసే చెయ్యి మీలో లేకపోతే కాళహస్తి కళాకారులను పిలవండి, కూలి పూర్తిగా ఇచ్చి పిలవండి. ఉద్యమం కదా అని ఉచితంగా అడగడం అన్యాయం. ఒప్పుకుంటే మూలన వాళ్ల పేరు రాయించండి. ఒత్తిళ్ల భయంతో వద్దంటే ఆ మాటను మన్నించండి.

విప్పి చెప్పడం

మనిషి పేరు ఎక్కడా రాయొద్దు, నోటితోనూ అనొద్దు. భారతీయ న్యాయ సంహిత 356వ సెక్షన్ కింద పరువునష్టం కేసు పెడితే అసలు గొడవ చెరువు మీద నుంచి మీమీదికి మళ్లుతుంది. సర్వే నంబరు, ఎకరాలు, దస్త్రంలోని తేదీ, ఇవి చాలు. గుడ్డ పట్టుకుని నడిస్తే ఊరేగింపు అంటారు. ఊరేగింపులనూ జనం గుమిగూడటాన్నీ కట్టడి చేసే పోలీసు చట్టం 30వ సెక్షన్ గానీ, భారతీయ నాగరిక సురక్షా సంహిత 163వ సెక్షన్ గానీ అమల్లో ఉందేమో స్టేషన్లో కనుక్కోండి. మైకుకు రాతపూర్వక అనుమతి తీసుకోండి, రాత్రి 10 దాటాక వాడొద్దు.

వేసవిలో చిత్తూరు పల్లెల్లో భారతం ఉత్సవాలు జరిగే చోట మధ్యాహ్నం హరికథకు ఊళ్లన్నీ కదిలివస్తాయి. పెద్దల్ని అడిగి పందిరి బయట కట్టండి. కథ మొదలయ్యేముందు గంట మీది, మొదలయ్యాక నోరు మెదపొద్దు. గుడ్డ కింది అంచు నేలకు మూడడుగుల ఎత్తున ఉంటే కూర్చున్నవాళ్లకు కనిపిస్తుంది. సూర్యుడు గుడ్డ వెనక ఉండకూడదు, రంగులన్నీ నల్లగా కనిపిస్తాయి. ఒకరు పుల్లతో గడి చూపిస్తూ ఇరవై నిమిషాల్లో కథ ముగించాలి, ఇంకొకరు పటం నకళ్లతో పక్కనే నిలబడాలి. జనం అడిగే మొదటి ప్రశ్న ఎప్పుడూ “కాగితముందా?” అనే.

మడతపెట్టొద్దు. పీవీసీ గొట్టానికి పాత నూలుగుడ్డ చుట్టి, దానిమీద దీన్ని చుట్టి, ఎండిన వేపాకు వేసి దాచండి.

ఇక ఖాళీ గడి. హద్దులు తేలాకో, పూడిక తీశాకో, కోర్టు ఏదో ఒకటి చెప్పాకో దాన్ని నింపాలి. అప్పటికి ఉతుకుల్లో కరక్కాయ వగరు పోయి ఉంటుంది, నేరుగా గీస్తే కసిమి నల్లబడదు. ఆ గడి వరకే కుంచెతో కరక్కాయ పాలు పూసి, ఒకరోజు ఎండబెట్టి, అప్పుడు గీయండి. అందుకోసం కసిమిని సీసాలో పోసి మూత బిగించి దాచుకోండి, అడుగున రెండు ఇనుప మేకులు వేసి.