వేగువాడి కాగితంలో మన ఊరిని పట్టుకోవడం ఎలా

ఊరి చరిత్ర రాద్దామని కూర్చున్నవాళ్ళు మొదట గుడి ముందున్న శాసనం దగ్గరికి పోతారు, తర్వాత ఊళ్ళో అందరికంటే పెద్దాయన దగ్గరికి పోతారు, అక్కడితో ఆగిపోతారు. నేనూ అంతే చేశాను. మూడో దారి ఒకటుందని చాలా ఆలస్యంగా తెలిసింది. మూడు నాలుగు వందల ఏళ్ళ కింద మన ప్రాంతాన్ని గమనించి పైవాళ్ళకు రాసి పంపిన వేగులవాళ్ళ కాగితాలు, వకీళ్ళ (అంటే పరాయి దర్బారులో తమ రాజు తరఫున ఉండే ప్రతినిధుల) ఉత్తరాలు, కచేరీ వార్తాపత్రాలు ఇప్పటికీ ఉన్నాయి. నల్లగొండ, పాలమూరు వైపు నుంచి ఈ పనికి దిగాలనుకునేవాళ్ళ కోసం నేను దెబ్బలు తిని నేర్చుకున్నది రాస్తున్నాను.

ముందుగా, మీరు వెతికే సంవత్సరంలో మీ ఊరు ఎవరి చేతిలో ఉందో తేల్చుకోండి. ఇది తేలకపోతే నెలల తరబడి తప్పు కట్టలు తిరగేస్తారు. గోల్కొండ 1687లో మొగలుల చేతిలో పడిపోయింది. అంతకుముందు నల్లగొండా పాలమూరూ మొగలులకు పరాయి రాజ్యం, కాబట్టి మొగలు విలేఖరి దేవరకొండలో కూర్చుని రోజువారీ రిపోర్టు రాసి ఉంటాడని ఆశపడకండి. 1636లో అబ్దుల్లా కుతుబ్ షా షాజహాన్‌కు లొంగుతూ ఒప్పందం రాసిచ్చి ఏటా 2 లక్షల హొన్నులు (బంగారు నాణేలు) కట్టడానికి ఒప్పుకున్నాడు. అప్పటి నుంచి గోల్కొండ దర్బారులో మొగలుల రాయబారి ఉండేవాడు. పేరుకు రాయబారే, కానీ ఎవరు ఎవరితో మాట్లాడుతున్నారు, ఖజానాలో ఎంతుంది, ఏ కోటకు ఎవరిని పంపారు అన్నదంతా ఉత్తరాది దాకా పోతుండేది. 1687కు ముందు మన ప్రాంతం కనిపిస్తే ఇలాంటి ఉత్తరాల్లో, లేదా మచిలీపట్నంలో దిగిన విదేశీ వర్తకుల లెక్కల్లో కనిపిస్తుంది. ఇంగ్లీషువాళ్ళు అక్కడ 1611లో కొట్టు పెట్టారు. హైదరాబాద్ నుంచి మచిలీపట్నం పోయే బాట నల్లగొండ, సూర్యాపేట వైపు నుంచే పోయేది. దారిలో దండు కదిలితే బట్టల ధర మారుతుంది కాబట్టి వాళ్ళు యుద్ధ వార్తల్ని సరుకు ధరలంత జాగ్రత్తగా రాసుకున్నారు.

1687 తర్వాతి సంగతి వేరు. మొగలుల పద్ధతి మొత్తం ఇక్కడికి వచ్చింది. ఆ పద్ధతిలో ఎవరు ఏం రాస్తారో తెలుసుకోకుండా కాగితం చదివితే మోసపోతాం. వాకియా నవీస్ అంటే బహిరంగంగా నియమించిన విలేఖరి, అతను రాస్తున్నాడని సుబేదారుకూ (రాష్ట్రాన్ని ఏలే అధికారికీ) తెలుసు, ఊరందరికీ తెలుసు. చాలాచోట్ల జీతాలూ సైన్యమూ చూసే బక్షీకే ఈ పని కూడా అప్పగించేవాళ్ళు, అంటే ఎవరి తప్పులు రాయాలో వాళ్ళతోనే కలిసి పనిచేసే మనిషి. సవానిహ్ నిగార్ ముఖ్యమైన సంగతులు వేరుగా రాసేవాడు. ఖుఫియా నవీస్ రహస్య విలేఖరి, అతనెవరో మిగతావాళ్ళకు తెలియకూడదు. హర్కారా కాలినడకన తిరిగి కళ్ళారా చూసి, చెవులారా విని వచ్చి చెప్పేవాడు. ఒకే సంఘటన మీద నలుగురు వేరువేరుగా రాస్తే, ఒకరి అబద్ధం ఇంకొకరి కాగితంలో బయటపడుతుందని పైవాళ్ళ లెక్క. మన ఊళ్ళల్లో మాలీ పటేలు ఒకటి చెప్పి, పోలీసు పటేలు ఒకటి చెప్పి, పట్వారీ రాసింది ఇంకొకటైన కథలు విన్నవాళ్ళకు ఇది విడమరిచి చెప్పనక్కర్లేదు.

అక్బరు దర్బారులోనే ఇలాంటి 14 మంది లేఖకులుండేవారని, రోజుకు ఇద్దరు చొప్పున వంతులు వేసుకునేవారని అతని ఆస్థాన చరిత్రకారుడు అబుల్ ఫజల్ రాశాడు. పరుగు తీసే మేవ్రాలు వెయ్యి మంది అని, వాళ్ళు మేవాత్ మనుషులని, వేగు పనిలో కూడా ఆరితేరినవాళ్ళని కూడా రాశాడు. టపా కోసం 5 కోసులకొక మజిలీ ఉండేది. కోసు సుమారు 3 కిలోమీటర్లు అనుకుంటే ఒక్కో మజిలీ 15 కిలోమీటర్లు. అదే ఏర్పాటు ఇక్కడా ఉందనుకుంటే నల్లగొండ నుంచి హైదరాబాదుకు ఆరేడు చేతులు మారాలి. ఇది నా లెక్క, ఎక్కడా రాసి లేదు, కానీ కాగితం మీద తేదీకీ అది చేరిన తేదీకీ తేడా చూసేటప్పుడు పనికొస్తుంది. ఔరంగజేబు కాలంలో ఈ వార్తలన్నీ రాత్రి 9 గంటల ప్రాంతంలో అంతఃపుర స్త్రీలు చదివి వినిపించేవారని మనూచీ అనే ఇటలీ ఆయన రాశాడు. చక్రవర్తికి రాత్రిపూట న్యూస్ బులెటిన్ అన్నమాట.

ఇప్పుడు తేదీలు. గోల్కొండ పడిన రోజు ఒక పుస్తకంలో 21 సెప్టెంబరు 1687 అని, ఇంకోదాంట్లో 1 అక్టోబరు అని ఉంటుంది. ఎవరో తప్పు రాశారని నేను పెద్ద పోస్టు పెట్టబోయాను, అదృష్టం బాగుండి ఆగాను. రెండూ ఒకే రోజు. ఇంగ్లీషువాళ్ళు 1752 దాకా పాత క్యాలెండరు వాడారు, 17వ శతాబ్దంలో అది 10 రోజులు వెనక ఉండేది. కాబట్టి కంపెనీ ఉత్తరాన్నీ ఫారసీ కాగితాన్నీ పక్కపక్కన పెట్టి ‘వార్త పది రోజులు ముందే ఎలా తెలిసింది’ అని కంగారుపడకండి. హిజ్రీ సంవత్సరమైతే 0.97తో గుణించి 622 కలపండి, సుమారుగా సరిపోతుంది: 1098 హిజ్రీ అంటే 1687. ఫసలీకి (శిస్తు లెక్కల సంవత్సరానికి) 590 కలిపితే చాలు, మీ ఇంట్లో పాత పట్టా కాగితాలుంటే ఈ లెక్క మీకు ముందే తెలిసి ఉంటుంది. జులూస్ అని ఉంటే ఆ పాదుషా గద్దెనెక్కిన ఎన్నో ఏడు అని అర్థం, దానికి ఎవరి జులూసో ముందు చూసుకోవాలి.

తేదీ కంటే పెద్ద గుంత ఊరి పేరు. ఫారసీలో పొట్టి అచ్చులు రాయరు, పైగా శికస్తా అనే గొలుసుకట్టు రాతలో చుక్కలు కూడా ఎగిరిపోతాయి. పానగల్ అని కనిపించగానే నేను నల్లగొండ పక్కన ఛాయా సోమేశ్వరాలయం ఉన్న పానగల్లు అనుకుని మా వాట్సాప్ గ్రూపులో రెండు పేజీలు రాసేశాను. వనపర్తి వైపు పెద్దాయన ఒకాయన ఫోన్ చేసి, ‘నాయనా, కోట సంగతి రాస్తున్నవు, మా పానగల్ గుట్ట మీదున్న కోట నీకెప్పుడూ కనపడలేదా’ అన్నాడు. సిగ్గేసింది. అప్పటి నుంచి ఒక్క ఊరి పేరును నమ్ముకోను, అదే కాగితంలో ముందు వెనక వచ్చే ఊళ్ళను మ్యాపులో కలిపి చూస్తాను. చుట్టూ ఉన్నవి కోయిలకొండ, గద్వాల వైపు ఊళ్ళైతే అది పాలమూరు పానగల్, భువనగిరి, దేవరకొండ అయితే మనది. హైదరాబాదును కూడా ఒక్కో కాగితం ఒక్కోలా పిలుస్తుంది: భాగ్‌నగర్ అని ఉంటుంది, మొగలులు గెలిచాక దారుల్ జిహాద్ అని ఉంటుంది.

అసలు పని ఇక్కడ మొదలవుతుంది: కాగితాన్ని నమ్మాలా వద్దా. 1685లో ఔరంగజేబు సైన్యం బీజాపూరును ముట్టడించి ఉండగా, గోల్కొండ సుల్తాను అబుల్ హసన్ తానీషా మొగలు శిబిరంలో ఉన్న తన మనుషులకు రాసిన ఉత్తరం ఒకటి దారిలో దొరికింది. బీజాపూరుకు సాయంగా 40,000 మందిని పంపుతున్నానని అందులో ఉందట. ఆ ఉత్తరం పేరుతోనే మొగలు దండు గోల్కొండ మీదికి మళ్ళింది, 1686 మార్చిలో తానీషా మంత్రులు అక్కన్న మాదన్నలు హత్యకు గురయ్యారు, మరుసటి ఏడు కోట పోయింది. ఇలాంటి ఉత్తరం చదివేటప్పుడు నేను వేసుకునే మొదటి ప్రశ్న: ఇది దొరకడం వల్ల ఎవరికి లాభం? ఔరంగజేబు కన్ను 1656 నుంచే గోల్కొండ మీద ఉంది. ఉత్తరం అబద్ధమని నేను అనడం లేదు, దొరికినవాడికి అది కావాల్సిన సమయానికే దొరికిందని మాత్రం పక్కన రాసుకుంటాను. రెండో ప్రశ్న 40,000 గురించి. ఇలాంటి గుండ్రటి అంకెలు ఎవరూ తలలు లెక్కపెట్టి రాసినవి కావు. రాసినవాడు ధైర్యం చెప్పడానికి పెంచి ఉండొచ్చు, పట్టుకున్నవాడు నేరం పెద్దది చేయడానికి పెంచి ఉండొచ్చు.

1656 కూడా చూడండి, ఎందుకంటే అందులో వేగు రెండు వైపులా పనిచేసింది. గోల్కొండ మంత్రి మీర్ జుమ్లా తన సుల్తానుతో చెడి మొగలులతో రహస్యంగా ఉత్తరాలు నడిపాడు, అతని కొడుకును అబ్దుల్లా ఖైదు చేయడం, అప్పటికింకా పాదుషా కాని ఔరంగజేబుకు సాకైంది, హైదరాబాదు మీద పడ్డాడు. కానీ ఢిల్లీలో గోల్కొండ వకీలు ఊరుకోలేదు, ఔరంగజేబు అన్న దారా షుకో ద్వారా తండ్రి షాజహాన్ చెవిలో వేయించాడు, ముట్టడి ఎత్తేయమని పైనుంచే ఉత్తర్వు వచ్చింది. ఇలాంటి కథలో మీకు ఔరంగజేబు వైపు కాగితం మాత్రమే దొరికితే సగమే దొరికినట్టు.

అన్నిటికంటే గొప్ప వేగు కాగితం లేనిదని నాకనిపిస్తుంది. ఇబ్రహీం కుతుబ్ షా 1543 నుంచి 1550 దాకా ఏడేళ్ళు విజయనగరంలో తలదాచుకున్నాడు. ఆ భాష, ఆ దర్బారు, ఆ సేనానుల గుణాలు లోపలి నుంచి చూశాడు. అన్న చనిపోయాక తిరిగొచ్చి నాయకవాడీలనే తెలుగు సైనికుల అండతో గోల్కొండ గద్దెనెక్కాడు. 1565లో రామరాయల మీదికి కలిసి కదిలిన సుల్తానుల్లో అతనొకడు. ఏ హర్కారా రిపోర్టు అంత పని చేస్తుంది?

చదవడం ఎలా అంటే, ఫారసీ రాకపోయినా భయపడొద్దు. 1660–1671 మధ్య దక్కన్ వాకియాలు కొన్ని 1953లో హైదరాబాదులోనే అచ్చయ్యాయి, రూపం అలవాటు కావడానికి వాటితో మొదలుపెట్టండి. మన ఊళ్ళు వాటిలో దొరుకుతాయని కాదు, కాగితం ఎలా మొదలై ఎలా ముగుస్తుందో తెలుస్తుందని. ‘బ అర్జ్ రసీద్’ అంటే మనవి చేరింది, ‘హుక్మ్ షుద్’ అంటే ఉత్తర్వు అయింది. ఈ రెండు మాటలు గుర్తుపడితే ఏది వార్తో, దానికి పైవాడు ఏమన్నాడో విడిపోతుంది. అసలు కాగితాలు తార్నాకలోని రాష్ట్ర ఆర్కైవ్స్‌లో ఉన్నాయి, షాజహాన్, ఔరంగజేబు కాలంవి లక్షకు పైనే. ముందే ఫోన్ చేసి, ఏ కాలం, ఏ ప్రాంతం అన్నది కాగితం మీద రాసుకుని వెళ్ళండి. ‘మా ఊరి గురించి ఏమన్నా ఉందా సార్’ అని అడిగితే ఎవరూ సాయం చేయలేరు. నల్లగొండ, పాలమూరు పాత టౌన్లలో ఉర్దూ బాగా చదివే పెద్దలు ఇంకా ఉన్నారు, శికస్తా మొత్తం రాకపోయినా ఊరి పేర్లు, మనుషుల పేర్లు పట్టిస్తారు. చాయ్ తాగిస్తే ఓపిగ్గా కూర్చుంటారు కూడా.

చివరగా, ఫారసీ కాగితం దొరికిందని పాటను పక్కన పడేయకండి. సర్వాయి పాపన్న 1708లో వరంగల్‌ను, తర్వాత భువనగిరిని కొల్లగొట్టాడు, 1710లో చిక్కాడు. దర్బారు వైపు చరిత్రకారుడికి అతను దొంగ. తప్పించుకుని పోతూ కల్లు దుకాణం దగ్గర ఆగితే కల్లు అమ్మే మనిషి గుర్తుపట్టాడని కూడా ఆ వైపు రాతలోనే ఉంది. కల్లు గీసే ఇంట పుట్టినవాణ్ణి కల్లు కుండ దగ్గరే పట్టించారు. మా దగ్గర పాడేవాళ్ళకు మాత్రం అతను వీరుడు. నేను నోటుబుక్కులో ఎడమ పేజీలో కాగితం చెప్పింది, కుడి పేజీలో పాట చెప్పింది రాసుకుంటాను. రెండూ కలిసే చోట గీత గీస్తాను. పాపన్న పేజీల్లో ఇప్పటిదాకా మూడు గీతలు పడ్డాయి.