రీవాల్యుయేషన్ ఫలితం రాకపోతే

నెల్లూరు విక్రమ సింహపురి యూనివర్సిటీలో చదివినా, ఒంగోలు ఆంధ్రకేసరి యూనివర్సిటీలో చదివినా, రీవాల్యుయేషన్ ఫలితం ఆలస్యమైతే ఊరికే తిరిగి చెప్పులు అరగదీసుకోకండి. అర్జీ రెండు కాపీలు రాసి, ఒకటి యూనివర్సిటీ ఆఫీసులో ఇచ్చి, మన కాపీ మీద తేదీతో ఇన్‌వర్డ్ ముద్ర (అర్జీ అందిందని వేసే ముద్ర) వేయించుకోండి. తర్వాత ఎక్కడికెళ్లినా ఆ ముద్రే ఆధారం. ఆపైన 10 రూపాయల కోర్టు ఫీజు స్టాంపు అంటించి సమాచార హక్కు దరఖాస్తు పెట్టండి: ఫైలు ఎవరి దగ్గరుంది, జవాబుపత్రం నకలు ఇవ్వండి అని. 30 రోజుల్లో బదులివ్వాలి. దిద్దిన మన పేపరు మనం చూసుకునే హక్కుందని 2011లోనే సుప్రీంకోర్టు చెప్పింది. విద్యార్థుల ఫిర్యాదుల కమిటీ, దానిపైన అంబుడ్స్‌పర్సన్ (కమిటీ నిర్ణయంపై అప్పీలు వినే అధికారి) కూడా ఉంటారు. పీజీ సీటు పోయేలా ఉంటే మాత్రం ఆలస్యం చేయకుండా హైకోర్టులో రిట్ (యూనివర్సిటీకి ఆదేశం ఇమ్మని కోరే పిటిషన్) గురించి లాయరుతో మాట్లాడండి. ఆడపిల్లలకూ, ఎస్సీ, ఎస్టీ విద్యార్థులకూ జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఉచితంగా లాయరును ఇస్తుంది. ఫోన్ 15100.