క్రూజ్ కంట్రోల్ బిగించారు, ‘సెట్’ అవ్వట్లేదా? ముందు బ్రేక్ వైరు చూడండి

యాక్సిలరేటర్ తొక్కకుండానే బండిని ఒకే వేగంలో నడిపే క్రూజ్ కంట్రోల్ కిట్ బిగించడం అయిపోయింది. బటన్ నొక్కితే లైటు వెలుగుతోంది. రోడ్డెక్కి వేగం అందుకుని ‘సెట్’ నొక్కితే మాత్రం ఉలుకూ పలుకూ లేదు. ఇక అక్కడినుంచి కిట్ డూప్లికేట్ అనో, ఈసీయూ (ఇంజిన్‌ని నడిపే కంప్యూటర్) పోయిందనో టెన్షన్ మొదలవుతుంది. ఇలాంటి బండ్లు చాలా చూశాను. కిట్ పాడవడం అరుదు, ఈసీయూ పాడవడం ఇంకా అరుదు. తప్పు ఎక్కువగా బ్రేక్ పెడల్ దగ్గరో, అక్కడినుంచి వెనక లైట్లకు పోయే వైరులోనో ఉంటుంది. డ్యాష్‌బోర్డ్ కింద తల దూర్చి ఆ ఒక్క వైరు మీద మీటరు పెట్టి చూడమంటే మాత్రం ఎవరూ వినరు. డ్యాష్ మొత్తం విప్పుతారు గానీ అది చూడరు.

మీటరు వాడటం, వైరింగ్ డయాగ్రమ్ చదవడం మీకు వచ్చనే అనుకుని రాస్తున్నాను. స్టీరింగ్ విప్పేముందు బ్యాటరీ నెగటివ్ తీసి, మాన్యువల్‌లో చెప్పినంతసేపు ఆగాలి (టొయోటా వాళ్ళు 90 సెకన్లు అంటారు). ఎయిర్‌బ్యాగ్ వైర్ల మీద ఓమ్ మీటరు పెట్టకూడదు. ఈ రెండూ తెలియకపోతే స్టీరింగ్ జోలికి వెళ్ళకండి.

సమస్య: ఆన్ లైటు వెలుగుతుంది, కానీ సెట్ అవ్వదు

మొదట వేగం. చాలా బండ్లలో, కిట్లలో గంటకు సుమారు 40 కిలోమీటర్లు దాటితే గానీ క్రూజ్ పట్టుకోదు. వీధిలో రెండో గేరులో నొక్కి చూసి పనిచేయట్లేదంటే అది రిపేరు కాదు.

వేగం సరిపోయినా పట్టుకోకపోతే బ్రేక్ స్విచ్ దగ్గరికి రండి. “బ్రేక్ లైట్లు బాగానే వెలుగుతున్నాయి కదా” అని చెప్పొద్దు. డ్రైవ్-బై-వైర్ బండ్లలో (యాక్సిలరేటర్‌కి కేబుల్ లేకుండా వైర్లతోనే పనిచేసేవి) ఆ స్విచ్‌లో సాధారణంగా రెండు కాంటాక్టులు ఉంటాయి. పెడల్ నొక్కితే కలిసేది ఒకటి, దాంతో లైట్లు వెలుగుతాయి. పెడల్ నొక్కితే విడిపోయేది ఇంకొకటి, అది ఈసీయూకి పోతుంది. రెండూ ఒకే మాట చెబితేనే ఈసీయూ క్రూజ్‌ని ఒప్పుకుంటుంది. రెండో కాంటాక్టు పోయినా లైట్లు మామూలుగానే వెలుగుతాయి, క్రూజ్ మాత్రం రాదు. స్కానర్ (బండి కంప్యూటర్‌ని చదివే పరికరం) లైవ్ డేటాలో రెండు సిగ్నళ్ళూ పక్కపక్కన పెట్టుకుని పెడల్‌ను చేత్తో మెల్లగా నొక్కి చూడండి. రెండూ దాదాపు ఒకేసారి మారాలి. ఒకటి మారి రెండోది కదలకపోతే స్విచ్ మార్చాలి. పీ0504 గానీ పీ0571 గానీ కోడ్ (రెండూ బ్రేక్ స్విచ్ లోపానివే) కనబడితే ఇంకా వేరే చోట వెతకాల్సిన పని లేదు.

అందరినీ ఏడిపించేది: ఎల్ఈడీ బ్రేక్ బల్బులు

స్విచ్ కొత్తది, వైర్లు డయాగ్రమ్ ప్రకారమే ఉన్నాయి, కోడ్ ఏమీ లేదు, అయినా సెట్ అవ్వదు. ఇలాంటి బండి వస్తే నేను ముందు అడిగేది, వెనక బల్బులు మార్చారా అని. “ఆ, ఎల్ఈడీలు వేయించాం, దానికీ దీనికీ ఏంటి సంబంధం?” అంటారు. ఉంది.

విడిగా అమ్మే చాలా క్రూజ్ కిట్లలోనూ, కొన్ని పాత బండ్లలో కంపెనీ ఇచ్చిన క్రూజ్ మాడ్యూల్‌లోనూ (క్రూజ్‌ని నడిపే డబ్బా) ఒక వైరు బ్రేక్ స్విచ్‌కి లైట్ల వైపు కలుస్తుంది. పెడల్ నొక్కితే ఆ వైరు మీదికి 12 వోల్టులు వస్తాయి, క్రూజ్ వదిలేస్తుంది. ఇది అందరికీ తెలుసు. పెడల్ వదిలేసినప్పుడు ఆ వైరు మీద ఏముండాలో మాత్రం ఎవరూ ఆలోచించరు. ఊరికే కరెంటు లేకపోతే చాలదు, ఆ వైరు ఎర్త్‌కి తగులుతూ ఉండాలి. ఆ ఎర్త్ వెనక బల్బుల ఫిలమెంట్ గుండానే వస్తుంది. 21 వాట్ల బల్బు వెలుగుతున్నప్పుడు దాని రెసిస్టెన్స్ సుమారు 7 ఓమ్‌లు, చల్లగా ఉన్నప్పుడు అందులో దాదాపు పదో వంతు. మాడ్యూల్ దృష్టిలో అది నేరుగా ఎర్త్ తగిలినట్టే.

ఎందుకిలా పెట్టారంటే, బ్రేక్ వైరు తెగినా, బల్బులన్నీ మాడిపోయినా ఆ ఎర్త్ పోతుంది. అప్పుడు బ్రేక్ సంగతి తెలిసే దారి లేదని మాడ్యూల్ క్రూజ్ ఇవ్వదు. మంచి ఏర్పాటే. కానీ ఎల్ఈడీ అలా ఎర్త్ ఇవ్వదు. కొన్ని వోల్టులు దాటేదాకా దానిలోంచి కరెంటు దాదాపు పోదు. దాంతో వైరు గాల్లో వేలాడుతుంది, మాడ్యూల్‌లోంచే వచ్చే కొద్దిపాటి వోల్టేజి దాని మీద నిలబడిపోతుంది. బ్రేక్ నొక్కారనో, వైరు తెగిందనో అనుకుని మాడ్యూల్ మూసుక్కూర్చుంటుంది.

మీటరు పెట్టినా దొరక్కపోవడానికి కారణం ఉంది. చాలామంది కిట్ కనెక్టర్ పీకేసి వోల్టేజి చూస్తారు. సున్నా కనబడుతుంది, బాగుందనుకుంటారు. తెగిన వైరు కూడా సున్నాయే చూపిస్తుంది మరి. అందుకే రెండు రకాలుగా చూడండి. కిట్ కలిపే ఉంచి, తాళం ఆన్ చేసి, పెడల్ ముట్టకుండా బ్రేక్ వైరుకీ బాడీకీ మధ్య వోల్టేజి చూడండి. సున్నాకి అంటుకుని ఉండాలి. ఒకటి రెండు వోల్టులు ఊగుతున్నా అనుమానించాల్సిందే. తర్వాత తాళం తీసేసి, కిట్ కనెక్టర్ విప్పి, అదే వైరుకీ బాడీకీ మధ్య ఓమ్‌లు చూడండి. ఫిలమెంట్ బల్బులుంటే ఒకటి రెండు ఓమ్‌లు, అందులో కూడా సగం మీటరు వైర్లదే. వేలల్లో చూపించినా, ఓపెన్ అని చూపించినా దొంగ దొరికినట్టే.

ఇంకా నమ్మకం కుదరకపోతే ఒక 21 వాట్ల మామూలు బల్బుకి రెండు వైర్లు తగిలించి, ఒకటి ఆ బ్రేక్ వైరుకీ ఇంకొకటి బాడీకీ కలిపి, పెడళ్ళకు అడ్డం రాకుండా కట్టేసి ఒక రౌండ్ వేసి రండి. బ్రేక్ నొక్కితే అదీ వెలుగుతుంది, దానికేం కాదు. సెట్ పట్టుకుందంటే ఇంకేమీ విప్పక్కర్లేదు.

పరిష్కారాల్లో నాకు నచ్చేది అన్నిటికన్నా చౌకైనది. వెనకున్న బ్రేక్ లైట్లలో ఏదో ఒకదాంట్లో ఎల్ఈడీ తీసి పాత ఫిలమెంట్ బల్బు పెట్టేయండి. ఎడమా కుడీ ఒకేలా ఉండాలనుకుంటే వెనక అద్దం దగ్గరుండే మూడో బ్రేక్ లైటు సరిపోతుంది, అందులో బల్బు మార్చే వీలుంటే. తయారుచేసినవాళ్ళు పెట్టిన రక్షణ కొంతవరకు అలాగే ఉంటుంది.

అది కుదరకపోతే ఐదు కాళ్ళ రిలే (కరెంటు వస్తే మారే స్విచ్, అంకెలు కాళ్ళ పక్కనే ఉంటాయి). 85 ఎర్త్‌కి, 86 బ్రేక్ లైట్ల వైరుకి, 87 కూడా అదే వైరుకి, 87ఏ ఎర్త్‌కి, 30 కిట్ తాలూకు బ్రేక్ వైరుకి. పెడల్ వదిలితే ఎర్త్, నొక్కితే 12 వోల్టులు. పనిచేస్తుంది, కానీ ఒక చిక్కుంది. రిలే కాయిల్ మాడినా, 86 వైరు ఊడినా కిట్‌కి ఎప్పటికీ ఎర్త్ కనబడుతూనే ఉంటుంది. మీరు బ్రేక్ తొక్కినా దానికి తెలియదు. కాబట్టి పెడల్ నొక్కగానే కిట్ సప్లైనే తెంపేసే రెండో కాంటాక్టు మీ కిట్‌లో ఉంటేనే రిలే వేయండి. లేకపోతే వద్దు, బల్బు పెట్టుకోండి.

ఇండికేటర్లకు వేసే 6 ఓమ్‌ల లోడ్ రెసిస్టర్ కొందరు వేస్తారు. అదీ ఎర్త్ ఇస్తుంది. బ్రేక్ నొక్కి ఉన్నంతసేపు 24 వాట్లు, ఇంకా పైనే, వేడి పుట్టిస్తుంది. సిగ్నల్ దగ్గర పెడల్ మీద కాలు పెట్టుక్కూర్చుంటే ప్లాస్టిక్ కరుగుతుంది. ఇనుప రేకుకి బిగించగలిగితేనే వాడండి.

దీనికే చెల్లెలు వరస ఇంకొకటుంది: పగలు పనిచేసి రాత్రి పనిచేయని క్రూజ్. హెడ్‌లైట్లు వేయగానే వదిలేస్తుంది. వెనక లైట్ల ఎర్త్ తుప్పు పట్టినప్పుడు రెండు ఫిలమెంట్ల బల్బులో టెయిల్ లైటు కరెంటు ఎర్త్‌కి పోయే దారిలేక బ్రేక్ ఫిలమెంట్ గుండా వెనక్కి తన్ని బ్రేక్ వైరు మీదికి వస్తుంది. మిగతా బల్బులు ఎల్ఈడీలైతే దాన్ని కిందికి లాగేవాళ్ళే ఉండరు. అందుకే బ్రేక్ వైరు వోల్టేజిని పార్కింగ్ లైట్లు వేసి కూడా ఒకసారి చూడండి. ఎర్త్ బోల్టు విప్పి, కింద రేకు మెరిసేదాకా గీకి బిగించండి.

బ్రేక్ లైట్లను బాడీ కంట్రోల్ మాడ్యూలే వెలిగించే కొత్త బండ్లలో కంపెనీ క్రూజ్ వేసుకుంటే ఈ ఎల్ఈడీ గొడవ ఉండదు, ఈసీయూ స్విచ్‌ని నేరుగా చదువుకుంటుంది. అక్కడ పైన చెప్పిన రెండు కాంటాక్టుల సంగతి చూస్తే చాలు.

సమస్య: పట్టుకుంటుంది, గతుకు రాగానే వదిలేస్తుంది

బ్రేక్ స్విచ్ పిన్ను పెడల్‌ని అంటీ ముట్టనట్టు ఉంది. కుదుపుకి పెడల్ కాస్త ఊగినా కాంటాక్టు మారిపోతుంది. మర ఉన్న స్విచ్ అయితే కొంచెం ముందుకు జరిపి బిగించండి. దానంతటదే సర్దుకునే రకమైతే ఒకసారి విప్పి పెడితే మళ్ళీ అదే చోటికి రాదు, పిన్ను పూర్తిగా బయటికి లాగి మళ్ళీ కూర్చోబెట్టాలి, కొన్నిటికి కొత్తదే వేయాలి. కిట్ బిగించేటప్పుడు అడ్డమొచ్చిందని ఆ స్విచ్ తీసి పెట్టారా? అయితే అదే. మాన్యువల్ గేరు బండిలో క్లచ్ స్విచ్‌కీ ఇదే పరీక్ష చేయండి.

జారే రోడ్డు మీద ట్రాక్షన్ కంట్రోల్ పనిచేసినప్పుడు, ఎత్తెక్కుతూ వేగం బాగా పడిపోయినప్పుడు క్రూజ్ వదిలేస్తే అది రిపేరు కాదు, దాని డిజైనే అంత.

సమస్య: ఒక బటన్ నొక్కితే ఇంకొకటి పనిచేస్తోంది

చాలా బండ్లలో క్రూజ్ బటన్లన్నీ ఒకే వైరు మీద వస్తాయి, ఒక్కో బటన్‌కి ఒక్కో రెసిస్టెన్స్. టొయోటాల్లో ఎక్కువగా కనిపించే స్విచ్‌లో ఆన్-ఆఫ్ దాదాపు సున్నా, రెజ్యూమ్ సుమారు 240 ఓమ్‌లు, సెట్ 630, క్యాన్సిల్ 1540. దారిలో కనెక్టర్ కిలుం పట్టో, క్లాక్ స్ప్రింగ్ (స్టీరింగ్ తిరుగుతున్నా బటన్ల వైర్లను కలిపి ఉంచే చుట్ట) అరిగో 390 ఓమ్‌లు అదనంగా చేరాయనుకోండి. రెజ్యూమ్ నొక్కితే ఈసీయూకి 630 కనబడుతుంది, వేగం పెరగాల్సింది పోయి తగ్గుతుంది. స్విచ్ మార్చి లాభం లేదు. స్విచ్ దగ్గర కొలవండి, మళ్ళీ ఈసీయూ కనెక్టర్ దగ్గర కొలవండి, ఎక్కడ తేడా వస్తే అక్కడ బాగుచేయండి. స్టీరింగ్‌ని అటూ ఇటూ పూర్తిగా తిప్పుతూ కొలిస్తే క్లాక్ స్ప్రింగ్ బండారం బయటపడుతుంది.

సమస్య: కిట్ పెట్టాక ఇంజిన్ లైటు, బండి లాగదు

పీ2138 లాంటి కోడ్ ఉంటే యాక్సిలరేటర్ పెడల్ వైర్లలో మీరు వేసిన జాయింట్లు చూసుకోండి. పెడల్‌లో రెండు సెన్సర్లు ఉంటాయి, చాలా బండ్లలో రెండోదాని వోల్టేజి మొదటిదానిలో సగం. ఆ లెక్క తప్పితే ఈసీయూ బండిని నెమ్మది చేసేస్తుంది. వైరు మీద నొక్కి బిగించే నీలం క్లిప్పులు ఇక్కడ అస్సలు వద్దు. సోల్డర్ చేసి స్లీవ్ వేయండి, లేదా పెడల్ కనెక్టర్‌కి సరిపోయే రెడీమేడ్ హార్నెస్ కొనండి.

సమస్య: వేగం పెరుగుతూ తగ్గుతూ ఊగిసలాడుతోంది

కిట్ సెట్టింగుల్లో స్పీడ్ పల్స్ లెక్క (ఎంత దూరానికి ఎన్ని సిగ్నళ్ళన్నది) మీ బండికి తగ్గట్టు పెట్టలేదు, లేదా సెన్సిటివిటీ మరీ ఎక్కువ పెట్టారు. ఒక మెట్టు తగ్గించి చూడండి. కేబుల్ థ్రాటిల్ పాత బండైతే కేబుల్ వదులుగా ఉందేమో, వాక్యూమ్ గొట్టం చీలిందేమో చూడండి. కేబుల్‌ని మరీ బిగించినా తప్పే, ఐడిల్ లేచి కూర్చుంటుంది.

సమస్య: అసలు లైటే వెలగదు

కిట్ అయితే ఫ్యూజు, ఎర్త్. కంపెనీ స్విచ్ వేసుకుంటే రెండే అవకాశాలు. తక్కువ మోడల్ బండి క్లాక్ స్ప్రింగ్‌లో ఆ పిన్నులే ఉండకపోవచ్చు, కనెక్టర్‌ని వెలుతురులో పట్టి చూస్తే ఖాళీ కన్నం కనబడుతుంది. పిన్నులు ఉంటే ఈసీయూలో క్రూజ్ ఆన్ చేయలేదని అర్థం. కొన్ని బండ్లు స్విచ్ తగిలిస్తే వాటంతటవే గుర్తుపడతాయి, మిగతావాటికి స్కానర్‌తో కోడింగ్ చేయాలి. పాత ఫోక్స్‌వ్యాగన్ గ్రూప్ ఈసీయూలు చాలావాటికి 11463 లాగిన్ కోడ్ కొడితే తెరుచుకుంటుంది. తర్వాత పెట్రోల్ బండ్లలో స్కానర్ మెజరింగ్ బ్లాక్ 066లో బ్రేక్, క్లచ్, బటన్ల స్థితి కనబడుతుంది.

మాడ్యూల్ చచ్చిపోవడం, చక్రం స్పీడ్ సెన్సర్ పోవడం కూడా జరుగుతాయి. సెన్సర్ పోతే ఏబీఎస్ లైటే చెబుతుంది. మాడ్యూల్‌ని ఆఖర్న అనుమానించండి.

రిపేరు అయ్యాక ఖాళీగా ఉన్న తిన్నని రోడ్డు మీద ఈ వరసలో చూడండి. సెట్ చేసి బ్రేక్ పెడల్‌ని కాలి వేలితో తాకినంత నొక్కండి, వెంటనే వదలాలి. మళ్ళీ సెట్ చేసి క్యాన్సిల్. మళ్ళీ సెట్ చేసి క్లచ్, ఇంజిన్ అరవకూడదు. అరిస్తే క్లచ్ స్విచ్ కలపలేదన్నమాట. ఇవే పరీక్షలు లైట్లు వేసి ఇంకోసారి. ఏ ఒక్కటి తప్పినా కిట్ ఫ్యూజు పీకి జేబులో వేసుకుని ఇంటికి రండి.