ఉక్రెయిన్‌లో క్రిస్మస్ రాత్రి: ముందే చూసుకోవాల్సినవి

2023 నుంచి అక్కడ పండగ జనవరి 7న కాదు, డిసెంబర్ 25న. విందు 24 రాత్రే.

- జనరేటర్‌ను ఇంట్లోనే కాదు, బాల్కనీలో కూడా నడపొద్దు. కార్బన్ మోనాక్సైడ్‌కు వాసన ఉండదు, నిద్రలోనే ప్రాణం తీస్తుంది.

- వైమానిక దాడి సైరన్ మోగితే స్టవ్ ఆపి షెల్టర్‌కు కదలండి. అది దూరమైతే, వీధికీ మీకూ మధ్య రెండు గోడలుండేలా నడవాలో కూర్చోండి. మొదటి గోడ పేలుడు దెబ్బ తింటుంది, రెండోది గాజుపెంకుల్ని ఆపుతుంది.

- కరెంటు ఉండగానే కుత్యాకు (పండగ విందులో తినే తీపి గోధుమ వంటకం) గోధుమలు ఉడికించండి. తేనె, గసగసాలు చీకట్లోనైనా కలుపుకోవచ్చు. ఆనవాయితీగా పెట్టే పన్నెండు వంటకాలూ కుదరకపోతే పోనీండి, బోర్ష్ (బీట్‌రూట్ సూప్) వేడిగా ఉంటే చాలు.

- చుట్టాలు కర్ఫ్యూలోపు ఇల్లు చేరాలి. లేదంటే పక్కలు సిద్ధం చేయండి.

- బాణసంచా వద్దు. నిషేధం సంగతి అటుంచి, ఆ చప్పుడుకు పక్కింటి పిల్లలు హడలిపోతారు.