కాలపుటంటు చట్టం రాద్దాం - 4వ పాఠం: గడువు ఎవరి గడియారంలో?

కాలమే అంటురోగంలా తడబడే ఓ ఊహాలోకానికి చట్టం రాస్తున్నాం కదా. ఈ పాఠంలో అధికారుల సెక్షన్ చెబుతానన్నాను. వాయిదా వేస్తున్నాను. పోయినసారి ఇచ్చిన అభ్యాసానికి మీరు పంపిన ముసాయిదాలు చదివాక ముందుకు వెళ్లబుద్ధి కాలేదు. దాదాపు అందరూ ఒకే గోతిలో పడ్డారు. తప్పు కొంత నాది. ‘నిర్బంధ గడువు రాయండి’ అని ఊరుకున్నానే గానీ ఆ గడువును ఎవరు లెక్కపెడతారో అడగలేదు.

మీరు రాసింది ఇది: ‘తొట్రు సోకిన వ్యక్తిని 40 రోజుల పాటు విడిగా ఉంచవలెను.’

(మన ఊహాలోకంలో కాలం తడబడి, ఆ తడబాటు పక్కవాళ్లకు అంటుకోవడాన్ని తొట్రు అంటున్నాం. క్వారంటైన్ సోకిందేమోనని అనుమానం ఉన్నవాళ్లకు, ఐసోలేషన్ సోకినవాళ్లకు. ఇక్కడ ఆ తేడా జోలికి పోను.)

ఆ 40 ఎక్కడి నుంచి వచ్చిందో తెలుసు. 1377లో రగూసా (ఇప్పటి క్రొయేషియాలోని దుబ్రోవ్నిక్) రేవు పట్టణం ప్లేగు ఉన్న చోట్ల నుంచి వచ్చేవాళ్లను 30 రోజులు బయటే ఉంచాలని శాసనం చేసింది. తర్వాత అది 40 అయింది. ఇటాలియన్‌లో నలభైకి ఉన్న మాటే క్వారంటైన్ అయింది. అక్కడ ఆ అంకె పనిచేసిందంటే కారణం ఒక్కటే. ఊరి బయట కూర్చున్నవాడికీ రేవులో కాపలా కాసేవాడికీ ఒకేసారి తెల్లారేది. మన రోగం పట్టింది ఆ తెల్లారడానికే!

ఒక ఇంట్లో మంగళవారం మళ్లీ మళ్లీ వస్తోంది అనుకోండి. లోపలివాళ్లకు నలభయ్యో రోజు ఎప్పటికీ రాదు. మీరు క్వారంటైన్ అనుకుని యావజ్జీవం రాశారు. ఇంకో గదిలో కాలం పరుగెడుతోంది. కాపలావాడు తాళం వేసి వెనక్కి తిరిగేలోపు లోపల 40 రోజులు అయిపోయాయి. రోగి దర్జాగా బయటికొస్తాడు, చట్టం మీ చేతులు కట్టేస్తుంది. మూడో రోగి మూడో రోజు నుంచి నలభై ఒకటో రోజుకు దూకాడు. వాణ్ని నిర్బంధించినట్టా, లేనట్టా? కాలం వెనక్కి నడిచే గదిలో ఉన్నవాడికి గడువు మొదలయ్యే ముందే ముగుస్తుంది. ఆ ఒక్క ‘రోజు’ అనే మాట వల్ల ఇంత. దాన్ని చూస్తే నాకు ఒళ్లు మండుతుంది. నా ముసాయిదాల్లో ఆ మాటే వాడను, ‘గడువు ప్రమాణం’ అంటాను. వినడానికి బాగుండదు, కానీ కోర్టులో నిలుస్తుంది.

నిజమైన చట్టసభ కూడా ఒకసారి ఇలాంటి చిక్కులో పడింది. బ్రిటన్ 1752లో క్యాలెండర్ మార్చినప్పుడు సెప్టెంబర్ 2 తర్వాత నేరుగా 14 వచ్చింది. 11 తేదీలు మాయం. మరి అద్దె 11 రోజులు ముందే కట్టాలా? మైనారిటీ తీరే 21 ఏళ్లు ముందే నిండుతాయా? చట్టం రాసినవాళ్లు ఇది ఊహించారు. క్యాలెండర్ మారినంత మాత్రాన చెల్లింపులు, వయసులు, శిష్యరికం ఒప్పందాలు ముందుకు జరగవని చట్టంలోనే పెట్టారు. తేదీ వేరు, గడిచిన కాలం వేరు అని ఆ రోజుల్లోనే తేల్చారు. మీరూ తేల్చాలి.

ఎలా? నేను కంప్యూటర్ల దగ్గర నేర్చుకున్నాను. అవి నెట్‌వర్క్‌లో ఒకదాన్నొకటి టైమ్ అడుగుతాయి. అసలు గడియారానికి ఎన్ని మెట్లు దూరంలో ఉందో ప్రతిదీ ఒక అంకెతో చెబుతుంది. 1 నుంచి 15 దాకా ఫర్వాలేదు. 16 అంటే ‘నా టైమ్ ఏ గడియారంతోనూ కలిసి లేదు, తీసుకోకండి’ అని. తప్పుడు కాలం అంటుకోకుండా తనను తాను వెలివేసుకోవడం అన్నమాట. పైగా ఒక్కదాన్నే నమ్మవు. గడియారాలు రెండే ఉంటే ఏది అబద్ధమో తేలదు. మూడుంటే తేలుతుంది, కానీ ఒకటి ఆగిపోతే మళ్లీ రెండే. అందుకే నాలుగు పెట్టుకోమంటారు.

మన సెక్షన్ 7(2) ఇలా ఉంటుంది:

‘ఈ చట్టంలోని ప్రతి గడువునూ తొట్రు ప్రాంతానికి వెలుపల ఉన్న కనీసం నాలుగు గడియారాలతో లెక్కించాలి. మిగతావాటితో పొసగని గడియారాన్ని లెక్కలోంచి తీసేయాలి.’

ఇక్కడితో ఆగితే ఇంకో అన్యాయం. బయట 40 రోజులు లోపల 40 ఏళ్లు కావచ్చు. ప్రజల భద్రతకు బయటి లెక్క, లోపలివాడి హక్కులకు లోపలి లెక్క. లోపల ఏడాది దాటితే నిర్బంధంపై సమీక్ష తప్పనిసరి అని 7(3)లో రాయండి. తిరిగే మంగళవారంలో గోడ గడియారం పనికిరాదు కాబట్టి నేనైతే మనిషినే గడియారం చేస్తాను. చేతిగోరు నెలకు సుమారు 3 మిల్లీమీటర్లు పెరుగుతుంది, కొలవండి. గోళ్లు కూడా వెనక్కి పోయే లోకమా మీది? అయితే ఆ మనిషి జ్ఞాపకాన్ని సాక్ష్యంగా తీసుకోవాలి. ఏదో ఒకటి తేల్చుకుని రాయండి, ఖాళీగా మాత్రం వదలకండి.

కొందరు ‘ఈ చట్టం గతానికీ వర్తించును’ అని ఉత్సాహపడ్డారు. కొట్టేశాను. చేసిన నాటికి నేరం కాని పనికి శిక్ష వేయకూడదని 1948 నాటి మానవ హక్కుల సార్వత్రిక ప్రకటనలో 11వ అధికరణం చెబుతుంది. తొట్రు లోకంలో ‘చేసిన నాడు’ అంటే ఏ నాడో నిర్వచనాల్లో పెట్టండి. నేను నిర్వచనాలు అన్నిటికన్నా చివర రాస్తాను, మీ ఇష్టం.

అభ్యాసం: తొట్రు ఇంటి నుంచి విడుదల కోరుతూ ఒక అప్పీలు వచ్చింది. దాని మీద రేపటి తేదీ ఉంది. మీ సెక్షన్ ప్రకారం అది గడువులోపు వచ్చిందని 200 మాటల్లో తీర్పు రాయండి. అదే సెక్షన్‌తో, రాలేదని ఇంకో 200 మాటల్లో రాయండి. రెండూ రాయగలిగితే మీ సెక్షన్ చెత్త. ‘రోజు’, ‘ముందు’, ‘తర్వాత’ అనే మాటలు లేకుండా తిరగరాసి అది పంపండి. తీర్పులు మీ దగ్గరే ఉంచుకోండి, అన్నీ చదివే ఓపిక నాకు లేదు.