ఏడు రోడ్ల కాడ ఏడు స్వరాలు: మన ఊరి జంతువులతో పిల్లలకు సంగీతం బొమ్మల పుస్తకం చేసుకోవడం ఎట్ల

పిల్లోళ్ళకు కర్ణాటక సంగీతం అలవాటు చేయాలని చాలామంది చేసే పని ఏందంటే ఫోన్‌లో ఒక కచేరీ పెట్టి ముందర కూర్చోబెట్టడం. ఐదేళ్ళ బిడ్డ రెండు నిమిషాలు కూర్చుంటాది, మూడో నిమిషానికి లేచి పోతాది, మనమేమో వీళ్ళకు సంగీతం పట్టదులే అని వదిలేస్తాం. అదే బిడ్డ యాపచెట్టు మీద కోయిల కూస్తే దానికి ఎదురు కూస్తాది, మేక అరిస్తే అచ్చం మేక మాదిరే అరుస్తాది. చెవి బాగానే ఉంది, మనం మొదలుపెట్టే చోటు మారాల అంతే. మన కడప వీధిలో రోజూ వినే జంతువుల నుంచి మొదలుపెట్టి ఒక చిన్న బొమ్మల పుస్తకం ఇంట్లోనే చేసుకోండి, అది చదివి వినిపించేది కాదు, పాడి వినిపించే పుస్తకం, ఈ ఒక్క సంగతి గుర్తు పెట్టుకుంటే మిగతాదంతా సులభం.

జంతువులకు, స్వరాలకు సంబంధం కొత్తగా మనం కల్పించేదేం కాదు. నారదీయ శిక్ష అనే పాత గ్రంథంలోనే ఉంది, నెమలి షడ్జం (స), ఎద్దు రిషభం (రి), మేక గాంధారం (గ), క్రౌంచపక్షి మధ్యమం (మ), కోయిల పంచమం (ప), గుర్రం ధైవతం (ద), ఏనుగు నిషాదం (ని) పలుకుతాయని. అట్లని మన సందులో మేక సరిగ్గా గాంధారంలోనే అరుస్తాదని బిడ్డకు చెప్పొద్దండి, శ్రుతి పెట్టి చూస్తే ఒక్కో మేక ఒక్కో చోట అరుస్తాది. పిల్లలు అడుగుతారు కూడా. పెద్దోళ్ళు స్వరాన్ని గుర్తు పెట్టుకోవడానికి ఒక్కో జంతువును జత చేసినారు, మనం కూడా అట్లే గుర్తు పెట్టుకుందాం అని చెప్తే సరిపోతాది.

మరి ఇవన్నీ కడపలో యాడ దొరుకుతాయి అంటారా, అన్నీ దొరుకుతాయి, కొంచెం తిరిగి చూడాల. ఎద్దు కావాలంటే సంక్రాంతికి గంగిరెద్దు ఇంటి ముందరికే వస్తాది, దాంతోపాటు సన్నాయి, డోలు కూడా వస్తాయి, ఒకే బొమ్మలో జంతువు, వాయిద్యం రెండూ కుదిరే పేజీ ఇది. మేకల గురించి చెప్పేదేముంది, గోడ మీది పోస్టర్లు పీకి తినే మేకలు ఏ సందులో అయినా ఉంటాయి. క్రౌంచానికి బుగ్గవంకలో నిలబడే తెల్ల కొంగను పెట్టుకోండి, శాస్త్రం చెప్పే పక్షి అచ్చంగా అదే కాకపోయినా బిడ్డ చూసిన పక్షి అయితేనే బొమ్మ పలుకుతాది. గుర్రం పెళ్ళి ఊరేగింపులో వస్తాది. ఏనుగు అంటే దేవుని కడప బ్రహ్మోత్సవాల్లో గజవాహనం. ఇంక నెమలి, ఊరి మధ్యలో నెమలి యాడిది అనుకుంటాం గానీ సాంబ్రాణి పొగ వేసుకుంటూ అంగడి అంగడికీ తిరిగే ఫకీరు సాయిబు చేతిలో నెమలీకల కట్ట ఉంటాది చూడండి, అదే మన షడ్జం. నాకైతే ఏడు పేజీల్లో బాగా ఇష్టమైన పేజీ ఇదే.

కథ జరిగే చోటు కూడా మనకు రెడీగా ఉంది. ఏడు రోడ్ల కూడలి! ఏడు రోడ్లు, ఏడు స్వరాలు, ఒక్కో రోడ్డులోంచి ఒక్కో జంతువు నడిచి వస్తాది, అందరూ కూడలి కాడ కలుస్తారు. కథ అంతే, ఇంతకు మించి మలుపులు పెట్టొద్దు, మలుపులు ఎక్కువైతే బిడ్డ కథ వెంట పడి పాటను వదిలేస్తాది. కర్నూలోళ్ళు కొండారెడ్డి బురుజు కాడ పెట్టుకోండి, అనంతపురం వాళ్ళు క్లాక్ టవర్ కాడ పెట్టుకోండి.

ఇప్పుడు పుస్తకం చేసే పని. నాలుగు ఏ4 షీట్లు ఒకదాని మీద ఒకటి పెట్టి మధ్యకు మడిస్తే 16 పేజీలు వస్తాయి. మామూలు జిరాక్స్ పేపర్ వద్దు, స్కెచ్ పెన్ అవతలికి దిగిపోతాది, మందం డ్రాయింగ్ షీట్ తీసుకోండి. మొదటి పేజీ, చివరి పేజీ తీసేస్తే లోపల ఎదురెదురు పేజీల జతలు సరిగ్గా ఏడు మిగులుతాయి, 2-3 షడ్జం, 4-5 రిషభం, 6-7 గాంధారం, 8-9 మధ్యమం, 10-11 పంచమం, 12-13 ధైవతం, 14-15 నిషాదం. 16వ పేజీ పై షడ్జం, అంటే మళ్ళా నెమలే, కానీ ఈసారి నిజం నెమలి, పాలకొండల మీద ఎత్తులో నిలబడినట్టు గీయండి. కింది స, పై స ఒకటే పేరు కానీ ఎత్తు వేరు అనే సంగతి మాటల్లేకుండా బొమ్మలోనే వచ్చేస్తాది.

గీసే ముందు ఒక జాగ్రత్త, మడిచిన షీట్లలో ఎదురెదురు పేజీలు చాలావరకు వేరే వేరే కాగితాల మీద ఉంటాయి, మొదటి పేజీ ఉన్న షీట్‌కు అవతలి సగం 16వ పేజీ, దాని వెనక 2, 15. రెండో షీట్ 3, 14, వెనక 4, 13. మూడోది 5, 12, వెనక 6, 11. అన్నిటికన్నా లోపలిది 7, 10, వెనక 8, 9. అందుకని ముందే పెన్సిల్‌తో నంబర్లు వేసుకోండి, జంతువు మొహం మడత మీద పడకుండా ఏదో ఒక పక్కన గీయండి. 8-9 ఒక్కటే ఒకే కాగితం మీద వస్తాది, అది సరిగ్గా మధ్యమం పేజీ, స్వరాల్లోనూ నడిమిదే, పుస్తకంలోనూ నడిమిదే, కొంగ రెక్కలు రెండు పేజీలకూ చాచి గీసుకోవచ్చు. కుట్టడానికి పెద్ద స్టాప్లర్ లేకపోతే మడత మీద మూడు బొక్కలు పెట్టి దబ్బనం, గట్టి దారంతో కుట్టేయండి.

రాత గురించి. జతకు ఒక్క లైను చాలు, రెండో లైను రాయాలనిపిస్తాది, వద్దు. ఆ లైను ఆది తాళంలో సరిపోవాల, ఆది తాళం అంటే ఎనిమిది దెబ్బలు, ముందు ఒక తట్టు, చిటికెన వేలు, ఉంగరం వేలు, నడిమి వేలు, ఇది నాలుగు, తర్వాత తట్టు తిప్పు, తట్టు తిప్పు, ఇంకో నాలుగు. గంగిరెద్దు పేజీకి ఇట్ల రాసుకోవచ్చు:

గంగి రెద్దు వచ్చి నాది, సందు లోకి గజ్జె లతో

మేకకు:

మేక ఎక్కి నిల్చి నాది, మిద్దె మెట్ల మీద చూడు

కోయిలకు:

యాప చెట్టు మీద కూసె, నల్ల కోయి లమ్మ నేడు

చేత్తో తాళం వేసుకుంటా చదివి చూడండి, దెబ్బకు ఒక ముక్క పడతాది, ఒక్కో ముక్కలో మూడు మాత్రలు (మాత్ర అంటే ఒక పొట్టి అక్షరం పలికేంత సేపు). మిగతావి మీ ఇంట్లో మాట్లాడే మాటలతోనే రాసుకోండి, అవ్వ మాట్లాడే మాటలైతే ఇంకా మంచిది.

పాడేటప్పుడు ఆ లైను మొత్తం ఒకే స్వరం మీద పాడాల, ఇదే ముఖ్యం. మేక లైను మొదటి నుంచి చివరి దాకా గాంధారం, ఆఖర్లో గా... అని ఆపి పట్టాల. పేజీ తిప్పితే మధ్యమం, లైను మొత్తం మధ్యమం. మీకు సంగీతం రాకపోయినా పరవాలేదు, పిల్లల కీబోర్డో హార్మోనియమో ఉంటే సి నుంచి తెల్ల మెట్లు వరసగా ఒత్తితే అదే శంకరాభరణం రాగం, మేళకర్తలనే మూల రాగాల వరసలో 29వది, దాన్ని వింటా పాడండి. పుస్తకం తెరిచే ముందు ఫోన్‌లో శ్రుతి మోగించే తంబూరా యాప్ పెట్టి ఒక నిమిషం ఊరికే విననీయండి, పుస్తకం మూసేదాకా అది మోగుతానే ఉండాల. మొదటి పేజీలో పేరు తప్ప ఏం రాయనవసరం లేదు, ఆ పేజీ శ్రుతి కోసమే.

కింద అంచులో ఒక రోడ్డు గీయండి, ఏడు జతల్లోనూ అదే రోడ్డు సాగుతా పోవాల. దాని మీద ఒక ఎనుము (గేదె), ఒక వీధి కుక్క, ఒక ఉడత. ఎనుము ఒక అడుగు వేసే చోట కుక్కవి రెండు అడుగులు, ఉడతవి నాలుగు. ఇదే మూడు కాలాలు. సంగీతం టీచర్ల దగ్గర సరళీ వరసలు, అంటే మొదట నేర్పే స్వరాల పాఠాలు, మొదటి కాలం, రెండో కాలం, మూడో కాలం అని పాడిస్తారు కదా, అక్కడ పిల్లలు తడబడేది ఏందంటే వేగం పెంచమంటే తాళం కూడా పరుగెత్తిస్తారు. తాళం మారదు, దెబ్బకు పడే స్వరాలే రెట్టింపు అవుతాయి. ఎనుము అడుగుకు ఒక దెబ్బ వేస్తా, వేలితో ఉడత అడుగులు చూపిస్తే నాలుగేళ్ళ బిడ్డకు కూడా ఎక్కుతాది.

ఇంకొక ఆట ఉంది, నా లెక్కన ఈ పుస్తకం మొత్తం దీని కోసమే చేయొచ్చు. పుస్తకం బాగా అలవాటయినాక కొంగ పేజీ, ఏనుగు పేజీ రెండిటికీ బట్టల క్లిప్పు పెట్టి మూసేయండి, ఈరోజు వాళ్ళిద్దరూ రాలేదు అని చెప్పి మిగతావి పాడండి, స రి గ ప ద స, అది మోహనం. ఇంకో రోజు కొంగ, గుర్రం రాలేదు, స రి గ ప ని స, హంసధ్వని. ఇంకో రోజు మేక, ఏనుగు రాలేదు, స రి మ ప ద స, శుద్ధ సావేరి. మేక పోయి కొంగ వచ్చినంత మాత్రాన పాట మొహమే మారిపోతాది. రాగం అంటే ఏంది అని బిడ్డకు వివరించే పని లేదు, ఎవరు వచ్చినారు ఎవరు రాలేదు అని బిడ్డే చెవితో పట్టుకుంటాది. ఆ తర్వాత ఆ రాగంలో ఒక చిన్న పాట ఫోన్‌లో పెట్టండి, ఇప్పుడు కూర్చుంటాది.

జంతువుల గొంతులు రికార్డు చేయాలనుకుంటే పొద్దున్నే, ఆటోలు మొదలుకాక ముందే మిద్దె ఎక్కండి, ఫోన్ ఏరోప్లేన్ మోడ్‌లో పెట్టండి, గాలికి ఎదురుగా పట్టుకోవద్దు. ఎండాకాలం మొదట్లో మగ కోయిల బాగా కూస్తాది, ఒక్కో కూతకు గొంతు ఇంకొంచెం పైకి జరుపుతా పోయి టక్కున ఆపేస్తాది, ఆ ఎక్కడం బిడ్డను వేలితో గాల్లో గీయమనండి. నల్లది మగది, గోధుమరంగు మీద తెల్ల చుక్కలుండేది ఆడది, గుడ్లు కాకి గూట్లో పెడతాది కాబట్టి ఆ పేజీలో ఒక కాకిని కూడా కూర్చోబెట్టండి.

వేరే దేశాల్లో కూడా ఇట్లాంటి పని జరిగింది, 1936లో రష్యాలో ప్రొకోఫియెవ్ అనే సంగీతకర్త పిల్లల కోసం ఒక సంగీత కథ చేసినాడు, పిట్టకు ఫ్లూట్, బాతుకు ఓబో, పిల్లికి క్లారినెట్, తోడేలుకు మూడు హార్న్‌లు. ఆ పద్ధతి మనమూ వాడుకోవచ్చు, ఉడతకు మృదంగం, కొంగకు వేణువు, ఏనుగుకు నాదస్వరం, అవి బొమ్మలో ఓ మూల చిన్నగా గీస్తే చాలు.

ఏనుగు పేజీలో మాత్రం ఒకటి తప్పకుండా చేయండి. గజవాహనం పక్కన ఎండలో పడుకున్న ఒక వీధి కుక్కను గీయండి, రెండిటి మీదా ఒకే పసుపు రంగు ఎండ పడాల. రాజంపేట దగ్గర తాళ్ళపాకలో పుట్టిన అన్నమయ్య, బ్రహ్మమొకటే కీర్తనలో, ఏనుగు మీద కాసే ఎండా కుక్క మీద కాసే ఎండా ఒకటే అన్నాడు. 600 ఏళ్ళ కిందట పుట్టిన మనిషి మన ఎండనూ మన వీధి కుక్కనూ పాటలో పెట్టినాడంటే నాకు ఇప్పటికీ ఒళ్ళు పులకరిస్తాది. ఆ కీర్తనను ఎక్కువగా బౌళి రాగంలో పాడతారు, ఏడు పేజీలు అయినాక అది వినిపించండి. మాది సంగీతం ఊరు కాదులే అనే తల్లిదండ్రులు ఇక్కడ చాలామంది ఉన్నారు, వాళ్ళకు చెప్పండి, అన్నమయ్య కీర్తనలు ఎన్నిటికో స్వరాలు కట్టిన రాళ్ళపల్లి అనంతకృష్ణ శర్మ గారు 1893లో పుట్టింది అనంతపురం జిల్లా రాళ్ళపల్లిలో, శ్రీపాద పినాకపాణి గారు ఒక పక్క డాక్టరుగా పనిచేస్తా ఇంకో పక్క సంగీతం చెప్తా బతికింది కర్నూల్లో.

పెద్ద పిల్లలు ఇద్దరు ముగ్గురు ఉంటే పేజీలు పంచి గీయించండి, వంకర ఎద్దు వచ్చినా దిద్దొద్దు. రోజూ పది నిమిషాలు మించొద్దు, నిద్రపోయే ముందు కన్నా సాయంత్రం ఆడుకుని వచ్చి చేతులు కాళ్ళు కడుక్కున్నాక అయితే గొంతు లేస్తాది.

కొన్నాళ్ళకు సంగీతం టీచర్ దగ్గర చేర్పిస్తే పురందరదాసు పెట్టిన వరస ప్రకారం మాయామాళవగౌళ రాగంతో మొదలుపెడతారు, అది 15వ మేళకర్త, అందులో రిషభం, ధైవతం మన పుస్తకంలో ఉన్న వాటికన్నా కిందికి ఉంటాయి, బిడ్డకు ఇదేంది మా ఎద్దు ఇట్ల పలకదే అనిపిస్తాది. దానికి ముందే రెండు చిన్న బొమ్మలు కత్తిరించి పెట్టుకోండి, ఒకటి కూర్చున్న ఎద్దు, ఇంకోటి తల వంచి గడ్డి తినే గుర్రం. చేరే రోజు ఆ రెండూ 4-5, 12-13 పేజీల్లో పాత బొమ్మల మీద పిన్ను పెట్టి, టీచర్ దగ్గరికి పుస్తకం కూడా పట్టుకుపోండి.