సిమ్స్ 4లో మాడ్లు పెట్టే ముందు తీసుకోవలసిన జాగ్రత్తలు

2014లో వచ్చిన సిమ్స్ 4 అనే, సిమ్స్ అనే మనుషుల కుటుంబాలను నడిపించే కంప్యూటర్ ఆటలో మాడ్లు (ఆటగాళ్లు తయారుచేసే అదనపు ఫైళ్లు) పెట్టుకోదలచినవారు ముందుగా డాక్యుమెంట్స్‌లోని ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ ఫోల్డర్ తెరిచి, అందులోని సిమ్స్ 4 ఫోల్డర్‌లో ఉన్న సేవ్స్ (ఆడిన ఆట ఉండేది), ట్రే (దాచుకున్న కుటుంబాలు, ఇళ్లు ఉండేది) అనే రెండు ఫోల్డర్లను పెన్‌డ్రైవ్‌లోకి కాపీ చేసుకోవాలి. మా అమలాపురంలో వానాకాలపు సాయంత్రాలు కరెంటు ఎప్పుడు పోతుందో తెలియదు. కిందటేడు ఫైళ్లు మారుస్తుండగా కంప్యూటర్ ఆగిపోయి, మూడు తరాలుగా పెంచుకొచ్చిన నా సిమ్స్ కుటుంబం మళ్లీ తెరుచుకోలేదు. ఆ బాధ ఇంకొకరికి కలగకూడదు. ఇన్వర్టర్ లేని ఇంట్లో, బ్యాటరీ నిండుగా ఉన్న ల్యాప్‌టాప్ మీదే ఈ పని మొదలుపెట్టండి.

ఆట అప్‌డేట్ అయిన ప్రతిసారీ మాడ్లు వాటంతటవే ఆగిపోతాయి కాబట్టి, ప్రతి మాడ్ కొత్త వెర్షన్‌కు సరిపోతుందని దాని తయారీదారు చెప్పాకే సెట్టింగుల్లో తిరిగి అనుమతించాలి.

అన్నిటికన్నా గట్టిగా చూసుకోవలసింది స్క్రిప్ట్ మాడ్లను. ప్యాకేజ్ ఫైళ్లలో ఎక్కువగా బట్టలు, సామాన్లు ఉంటాయి. స్క్రిప్ట్ మాడ్లవైన టీఎస్4స్క్రిప్ట్ ఫైళ్లలో మాత్రం కంప్యూటర్‌లో నడిచే కోడ్ ఉంటుంది. 2024లో కొన్ని మాడ్లలో సమాచారం దొంగిలించే వైరస్ బయటపడింది కనుక, తయారీదారు సొంత పేజీ నుంచే దించుకుని, తెరిచే ముందు యాంటీవైరస్‌తో తనిఖీ చేయాలి. మాడ్ పేరుతో ఈఎక్స్ఈ ఫైలు (తెరవగానే నడిచే ప్రోగ్రామ్) వస్తే అసలు ముట్టుకోవద్దు.

స్క్రిప్ట్ ఫైలును మాడ్స్ ఫోల్డర్‌లో ఒక్క ఉపఫోల్డర్ కన్నా లోతుగా పెడితే ఆట దాన్ని చదవదు. ఒకేసారి పది పెట్టకుండా ఒక్కొక్కటే పెట్టి, ప్రతిసారీ లోకల్‌థంబ్‌క్యాష్ అనే, ఆట తాత్కాలికంగా దాచుకునే ఫైలును తొలగించి, పాత కుటుంబంతో కాక కొత్త సేవ్‌తో ఆడి చూడండి.